పేరమ్మ ఎత్తని మనిషి

నన్ను కట్టుకున్న మనిషి కూడా నన్నెప్పుడూ ఎత్తుకోలేదండీ. అలాంటిది, ఉద్యోగంలో చేరిన మొదటిరోజే, ముక్కూ మొహం తెలియని ఒకావిడ వెనకనుంచి వచ్చి, నా చంకల కింద చేతులు పెట్టి, జానెడెత్తు లేపి, ఠక్కున దింపేసి, రేవులో ఉన్నవాళ్ళందరికీ వినబడేలా "యాభై తొమ్మిది!" అని అరిచింది.

విజయవాడ భవానీపురంలో పుట్టి పెరిగినదాన్ని. బెంజ్ సర్కిల్లో ఎవడైనా భుజం తగిలిస్తే వెనక్కి తిరిగి నాలుగు దులిపేసేదాన్ని. ఆ రోజు మాత్రం గుడ్లప్పగించి నిలబడిపోయాను. అక్కడున్న మగాళ్ళు ఎవరూ నవ్వలేదు కూడా. వాళ్ళూ వరసలో నిలబడి, తమని ఎప్పుడెత్తుతారా అని ఎదురు చూస్తున్నారు!

"ఏంటమ్మా ఇది? మనుషులనుకున్నారా, బియ్యం బస్తాలనుకున్నారా?" అన్నాను, తేరుకున్నాక.

"చెప్పులు విప్పలేదు నువ్వు. అవి తీసేస్తే యాభై ఎనిమిదిన్నర. కోపం తర్వాత పడుదువుగానీ, ఆ సంచీ ఇటివ్వు," అని నా బ్యాగు కూడా ఎత్తి చూసింది. "ఆరు. నర్సమ్మా, సంచీ మలి దోనెలో వస్తది. నువ్వెక్కు."

ఆవిడే పేరమ్మ. ఆరేళ్ళ కిందటి మాట. నేను గట్టుపాలెం సబ్‌సెంటర్లో నర్సుగా చేరాను. గట్టుపాలెం సముద్రపు ఒడ్డున జాలరి పల్లె, అవనిగడ్డ దాటి ఇంకా కిందికి వెళ్ళాలి. దానికి ఎదురుగా, నీళ్ళకి అవతల, నలభై గడపల గుల్లలంక. ఈ రెండింటి మధ్యా సముద్రం భూమిలోకి చొచ్చుకొచ్చిన పాయ ఒకటుంది. దాన్ని పలచమొగ అంటారు. వెడల్పు ఎంతో లేదు, కేకేస్తే అవతలికి వినబడుతుంది. రోడ్డు మీద చుట్టూ తిరిగి పోవాలంటే మాత్రం నలభై కిలోమీటర్లు. వారానికి రెండుసార్లు టీకాల పెట్టె పట్టుకుని నేను ఆ మొగ దాటాలి. ఆ సంగతి ఉద్యోగమిచ్చినప్పుడు ఒక్కరూ చెప్పలేదు, చెబితే నేను చేరేదాన్నా!

మొగ సంగతి చెప్తాను వినండి. నేనూ ముందు నమ్మలేదు. చూట్టానికి మామూలు ఉప్పునీళ్ళే. దగ్గరికెళ్తే సోడాబుడ్డి మూత తీసినట్టు సన్నగా బుస్సుమంటూ ఉంటాయి. కింద బురదలోంచి చిన్న చిన్న బుడగలు లక్షల కొద్దీ పైకొస్తూనే ఉంటాయి, పగలూ రాత్రీ. దాంతో ఆ నీళ్ళకి బలం లేదు. మోసే గుణం లేదు. అక్కడివాళ్ళు "నీళ్ళు పలచన" అంటారు. మొదటిరోజే, నా మొహం చూసి జాలిపడ్డాడో ఏమో, దోనె నడిపే ఆయన ఒక కొబ్బరిబోండం తీసుకుని నీళ్ళలోకి విసిరాడు. తేలుతుందనుకున్నాను. తేలలేదండీ! బుడుంగుమని మునిగి, ఎక్కడో అడుగున ఆలోచించుకుని, కాసేపటికి నడినెత్తి మాత్రం పైకి పెట్టి అలాగే వేలాడుతూ ఉండిపోయింది. బాతులు ఆ నీళ్ళ మీద వాలవు. సముద్రంలో మైళ్ళకి మైళ్ళు ఈదే జాలర్లు మొగలో కాలు పెట్టరు. మోటారు పడవ తెచ్చి చూశారట, పంకా గిర్రున తిరగడమే తప్ప పడవ కదల్లేదట. పెద్ద పడవలు వాటి బరువుకే కుంగిపోతాయి. అందుకని తాటిమొద్దు తొలిచిన దోనె ఒక్కటే అక్కడ నడుస్తుంది, గడకర్రతో అడుగున పొడుస్తూ.

దోనె పక్కన ఒక ఎర్ర గీత ఉంటుంది. నీళ్ళు ఆ గీతని తాకితే ఆగిపోవాలి. గీత దాటితే నడి మొగలో, బుడగలు మరీ ఎక్కువగా ఉన్నచోట, దోనె చప్పుడు చెయ్యకుండా కిందికి దిగిపోతుంది. తిరగబడటం, ఊగటం ఏమీ ఉండదు. నిలబడ్డది నిలబడ్డట్టే పోతుంది. గడ పట్టినవాడితో కలిపి రెండొందల నలభై కిలోలు, అంతకి మించకూడదు. లెక్క తప్పిందా, మనిషి పోయినట్టే. ఆ లెక్క చూసే మనిషి పేరమ్మ. తూకం మిషను పెట్టుకోవచ్చుగా అని నేనూ అడిగాను. ఉప్పుగాలికి మూడు మిషన్లు తుప్పు పట్టి అబద్ధాలు చెప్పడం మొదలుపెట్టాయట. "చేతులకి తుప్పు పట్టదుగా," అంది.

నాకు పంతం ఎక్కువ. మర్నాడు సెంటర్లో గర్భిణీలను తూచే మిషను దులిపి, కొత్త బ్యాటరీ వేసి, చెప్పులు విప్పి ఎక్కాను. యాభై ఎనిమిది అయిదొందలు. నా మొహం మాడిపోయింది. ఆ తర్వాత ఆరేళ్ళలో ఎన్నిసార్లు పరీక్ష పెట్టానో లెక్కలేదు. అర కిలో తేడా కూడా ఎప్పుడూ రాలేదు. ఏ రోజు బిర్యానీ తిని వచ్చానో కూడా చెప్పేది మహాతల్లి!

ఆ విద్య ఆవిడకి అత్తగారి దగ్గర్నుంచి వచ్చింది. పద్దెనిమిదేళ్ళకి నాగాయలంక వైపు నుంచి కోడలిగా వస్తే, అత్త మొదటి ఏడాదంతా వంట కూడా చెయ్యనివ్వలేదట. పొద్దున్నే బస్తాలు ఎత్తించేది. కళ్ళకి గుడ్డ కట్టి, ఇందులో ఎంతుందో చెప్పు అనేది. తప్పు చెబితే మళ్ళీ ఎత్తు. బియ్యం బస్తా, ఉప్పు గంప, నిండు సిలిండరు, ఖాళీ సిలిండరు, నిద్రపోతున్న మేనకోడలు. ఆ అత్త హయాంలో ఒకసారి, ఒకడు పంచెలో ఎండుచేపల మూట దాచుకుని ఎక్కాడట. ముగ్గురు పోయారు. అప్పట్నుంచీ నమ్మకాలు లేవు, మొహమాటాలు లేవు, అందర్నీ ఎత్తడమే. పేరమ్మ చేతిమీద ముప్పై రెండేళ్ళలో ఒక్క ప్రాణం పోలేదు. ఊరి ప్రెసిడెంటు గారంతటి మనిషి "ఆడదానివి, నన్నెత్తడం ఏంటి పేరమ్మా" అని నసిగితే, "సిగ్గయితే ఈదుకుంటా పో బాబూ" అంది. పాపం ఆయన చేతులెత్తి నిలబడ్డాడు.

మనిషిని ఎత్తితే బరువొక్కటేనా తెలిసేది! ఒకరోజు గుల్లలంక రావమ్మని ఎత్తి దింపి, నన్ను పక్కకి పిలిచింది. "నర్సమ్మా, ఈ ముసల్ది రెండు నెలల్లో నాలుగు కిలోలు పోయింది. తింటానే ఉంది. ఏదో ఉంది, చూడు." సూది గుచ్చి చూద్దును కదా, షుగరు మూడొందల ఎనభై! ఇంకో పది రోజులు ఆలస్యమైతే రావమ్మ దక్కేది కాదు. ఇలా ఎంతమందినో పంపింది నా దగ్గరికి. కడుపుతో ఉన్న పిల్లల సంగతి వాళ్ళ అమ్మలకంటే ముందు పేరమ్మకి తెలిసేది. జిల్లాలో నాకు మంచి నర్సునని పేరొచ్చిందంటే, సగం ఆ చేతుల పుణ్యమే. నేను ఆవిణ్ణి పిన్నీ అని పిలవడం ఎప్పుడు మొదలుపెట్టానో నాకే గుర్తులేదు.

ఇంక బాబాయి. పిన్ని మొగుడు బంగార్రాజు. గడ పట్టేది ఆయనే. చేతులనిండా చొక్కా, తలకి తువ్వాలు, నోట్లో ఎప్పుడూ ఏదో ఒక వేళాకోళం. "నర్సమ్మా, ఇవాళ అరవై రెండంట, మొగలో చేపలన్నీ భయపడి పోయినయ్" అని ఏడిపించేవాడు. సాయంత్రమైతే మందు పడాల్సిందే. దాని కోసం పిన్ని రేవులో అందరి ముందూ ఆయన్ని కడిగేసేది, ఆయన నవ్వుతూ గడ తుడుచుకునేవాడు.

అందర్నీ ఎత్తే పిన్ని బాబాయిని మాత్రం ఎత్తదు. అక్కడి ఆచారం అది. గడ పట్టినవాణ్ణి నేల మీంచి లేపకూడదు. మొదటిసారి గడ చేతికిచ్చే రోజున ఒక్కసారి ఎత్తుతారు, ఆ బరువే జీవితాంతం లెక్క. ఆ తర్వాత ఆయన్ని ఎత్తేది నలుగురు మోసేనాడే. మధ్యలో ఎత్తడమంటే చావుని పిలిచినట్టు. బాబాయిని వాళ్ళమ్మే ఎత్తింది, పేరమ్మ కోడలిగా వచ్చిన ఏడాది. అరవై నాలుగు. అప్పట్నుంచీ రోజూ లెక్క అరవై నాలుగుతోనే మొదలయ్యేది. "అరవై నాలుగు మా ఆయన, యాభై తొమ్మిది నర్సమ్మ..." అలా.

కిందటేడు ఉగాది వెళ్ళిన కొన్నాళ్ళకి ఒక వింత జరిగింది. నిండు బరువుతో దోనె నిలబడితే, ఎర్ర గీత నీళ్ళకి కాస్త పైన కనబడింది. పిన్ని తప్పు చూశాననుకుని అందర్నీ దింపి మళ్ళీ ఎత్తింది. లెక్క సరిగ్గానే ఉంది. నెల గడిచేసరికి ఆ తేడా అర వేలు మందం అయింది. వానాకాలం వెళ్ళేసరికి నిండా ఒక వేలు!

"నీళ్ళు గట్టిపడుతున్నయ్!" అంది పిన్ని. ఆ మాట చెబుతున్నప్పుడు ఆవిడ మొహం చూడాలి మీరు. ముప్పై రెండేళ్ళు ఆ నీళ్ళని నమ్మకుండా బతికిన మనిషి! ఊరు ఊరంతా రేవుకొచ్చి గీత చూసి ముక్కున వేలేసుకుంది. గంగమ్మకి చీర పెట్టారు, పొంగలి వండారు. అమ్మ కరుణించిందనీ, ఇంకో పదేళ్ళకి మొగ మామూలు నీళ్ళయిపోతుందనీ, లంక పిల్లలు బడికి తామే ఈదుకుంటూ వస్తారనీ ఒకటే సంబరం. నేనూ ఆ పొంగలి తిన్నాను, రెండుసార్లు వడ్డించుకుని మరీ. చదువుకున్నదాన్ని కదా, ఒక్క క్షణం ఆగి ఆలోచించాలా వద్దా? ఆలోచించలేదు. నా టీకాల పెట్టె మలి దోనె దాకా ఆగకుండా నాతోపాటే వస్తుందంటే చాలనుకున్నాను.

అదే ఏడాది బాబాయి మందు మానేశాడు. బీడీ కూడా మానేశాడు. ఎవరూ చెప్పకుండానే! పిన్ని ఆనందానికి పట్టపగ్గాల్లేవు. "ఉబ్బంతా దిగిపోయి పెళ్ళినాటి మొహం వచ్చింది చూడు ఈయనకి" అని నాకు చూపించి మురిసిపోయింది. నేనేమన్నానో తెలుసా? "అవును పిన్నీ, బాబాయి హీరోలా తయారయ్యాడు" అన్నాను. ఆయన నవ్వాడు. చెంపలు లోపలికి పోయి ఉన్నాయి. అవి చూసే నేను ఆ మాటన్నాను.

మూడుసార్లు నన్ను మాత్రలడిగాడు. "కడుపులో మంట నర్సమ్మా, ముద్ద దిగేప్పుడు ఇక్కడ పట్టేసినట్టుంటంది" అని గుండెల మధ్య చూపించాడు. గడ పొడుస్తూనే అడిగాడు. నేను దోనెలో కూర్చునే బ్యాగులోంచి గ్యాస్ మాత్రల పట్టీ తీసి ఇచ్చాను. "కారం తగ్గించు బాబాయ్" అని సలహా ఒకటి. ముద్ద పట్టేస్తోందని అరవై దగ్గర పడ్డ మనిషి, ముప్పై ఏళ్ళు తాగి కాల్చిన మనిషి చెబితే, అది ఎంత పెద్ద మాటో నాకు ట్రైనింగులో నేర్పారు. పరీక్షలో రాసి మార్కులు కూడా తెచ్చుకున్నాను.

ఈ జనవరిలో విజయవాడ నుంచి చక్రి గారని ఒక లెక్చరరు వచ్చారు. ఇంజనీరింగ్ కాలేజీలో పాఠాలు చెబుతారు. వాళ్ళ గురువుగారు ఎనిమిదేళ్ళ కిందట ఈ మొగ నీళ్ళు కొలిచి రాసిపెట్టుకున్నారట. నీళ్ళు గట్టిపడుతున్నాయని ఎవరో ఫోనులో వీడియో పెడితే చూసి పరిగెత్తుకొచ్చారు. సరిగ్గా అప్పుడే ఊళ్ళో ఒక నిర్ణయం జరిగింది. వచ్చే పౌర్ణమి నుంచి ముగ్గురు మనుషులతోపాటు ఒక సిలిండరు కూడా దోనెలో వేస్తారు. లంకవాళ్ళు ఏడాదిగా బతిమాలుతున్నారు. ఒక వేలు పైకొచ్చింది కదా, పరవాలేదని పిన్ని సరేనంది.

ఆ పొద్దున దోనెలో నేను, రావమ్మ, చక్రి గారు. పిన్ని ముగ్గుర్నీ ఎత్తింది. చక్రి గారు నాలాగే అవాక్కయిపోయి కళ్ళజోడు కింద పడేసుకున్నారు. నడి మొగలో ఆయన ఒక గాజుగొట్టం నీళ్ళలో వదిలి, అంకెలు చూసి, పుస్తకంలో రాసుకుని, మళ్ళీ వదిలి, మళ్ళీ చూశారు. అవతల ఒడ్డుకి వెళ్ళి తిరిగొచ్చేదాకా అదే పని. చోద్యం చూద్దామని రావమ్మ కూడా మాతోనే తిరిగొచ్చింది. ఇవతలికి దిగాక ఆయన పిన్నితో అన్నారు.

"అమ్మగారూ, నీళ్ళేమీ మారలేదండీ. ఎనిమిదేళ్ళ కింద ఎంత పలచనగా ఉన్నాయో ఇప్పుడూ అంతే. ఎనిమిది చోట్ల చూశాను."

"నీ గాజుగొట్టం మారలేదేమో బాబూ. ఆ గీత కనపడట్లేదా?"

"గీత కనబడుతోంది. అదే నాకూ అర్థం కావట్లేదు. కానీ సిలిండరు మాత్రం వెయ్యకండి. మీకు దణ్ణం పెడతాను."

పిన్నికి కోపం వచ్చింది. ఆవిడ లెక్కని ముప్పై రెండేళ్ళలో ఎవడూ తప్పన్నవాడు లేడు. నాకూ ఒళ్ళు మండింది, పిన్ని తరఫున. "ఊళ్ళోకి వచ్చిన గంటకే తేల్చేశారా?" అన్నాను. ఆయన పాపం నెమ్మదిగా అన్నారు, "మనుషుల్ని వద్దండీ. బస్తాలు వేసి చూద్దాం. బస్తాలయితే గొడవ ఉండదు."

సరే కానివ్వమంది పిన్ని. బాబాయిని దిగమన్నారు. ఆయన దిగి, ఒడ్డున దోనె కట్టే కొయ్యకి ఆనుకుని కూర్చుని తాడు చుట్టుకుంటున్నాడు. రేషను కొట్లోంచి తొమ్మిది బియ్యం బస్తాలు తెచ్చారు. ఒక్కోటీ ఇరవై అయిదు. పిన్ని ప్రతిదీ ఎత్తి చూసి మరీ వేయించింది. పైన పదిహేను కిలోల ఖాళీ సిలిండరు. మొత్తం రెండొందల నలభై, చుక్క ఎక్కువ లేదు, తక్కువ లేదు. పొద్దున మేమెక్కినప్పుడు ఎంతో ఇప్పుడూ అంతే.

దోనె కుంగింది. నీళ్ళు వచ్చి ఎర్ర గీతని తాకి ఆగాయి.

వేలు లేదు, అర వేలు లేదు. గీత మీద నీళ్ళు బుస్సుమంటున్నాయి, అంతే. నీళ్ళు మారలేదు! మరి ఏడాది నుంచీ మేం మురిసిపోయిందంతా ఏంటి? ఇంతమందీ కలిసి పిచ్చివాళ్ళమయ్యామా?

పిన్ని వేళ్ళు మడుస్తోంది. "అరవై మూడు నర్సమ్మ. నలభై నాలుగు రావమ్మ. అరవై ఆరు ఈ బాబు. మూడు టీకాల పెట్టె. నూట డెబ్భై ఆరు. అందర్నీ ఈ చేతుల్తోనే ఎత్తాను. అరవై నాలుగు మా ఆయన..."

అక్కడ ఆగిపోయింది.

ఆ ఆగడం నేను చచ్చేదాకా మర్చిపోను. ఆవిడ తల తిప్పలేదు, కళ్ళు మాత్రం మెల్లిగా కొయ్య వైపు వెళ్ళాయి. మా అందరి కళ్ళూ అటే వెళ్ళాయి. బాబాయి తాడు చుట్టడం ఆపేసి తల వంచుకుని కూర్చున్నాడు. చేతులనిండా చొక్కా. గుండీలు మెడదాకా. ఎండలో పనిచేసేవాడు కదా అనుకున్నామందరం.

"ఏవయ్యా," అంది పిన్ని.

ఆయన మెడ దగ్గర గుండీ సవరించుకున్నాడు.

"ఏవయ్యా, లెగు."

"ఎత్తమాకే. ఎత్తకూడదు," అన్నాడాయన. మొదటిసారి ఆ మనిషి గొంతులో భయం విన్నాను. రావమ్మ కూడా "వద్దే పేరమ్మా, అరిష్టం, వద్దే" అని అడ్డం రాబోయింది. పిన్ని ఆవిణ్ణి పక్కకి నెట్టేసింది. వెళ్ళి ఆయన వెనక నిలబడి, చంకల కింద చేతులు పెట్టి లేపింది. జానెడే లేపాలి. అలవాటైన బలం పెట్టిందేమో, ఆయన మూరెడు పైకి లేచిపోయాడు. కాళ్ళు గాల్లో ఊగాయి. చొక్కా పైకి జరిగి డొక్కలు కనబడ్డాయి. అమ్మ బాబోయ్! నేను నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాను. ఎముకలు లెక్కపెట్టొచ్చు.

పిన్ని ఆయన్ని దింపలేదు. అలాగే పట్టుకుని నిలబడింది. అంకె చెప్పలేదు. ఎంత పెద్దమనిషినైనా, ఎంత చిన్నపిల్లనైనా, ఎత్తిన వెంటనే అంకె అరిచే మనిషి నోరు తెరిచి మూసింది. చివరికి ఎక్కడో లోపలినుంచి, "నలభై ఎనిమిది" అని వచ్చింది.

నేను పరిగెత్తుకెళ్ళి మిషను తెచ్చాను. ఎందుకు తెచ్చానో నాకే తెలీదు, ఈ ఒక్కసారైనా పిన్ని తప్పయితే బాగుండని కాబోలు. నలభై ఎనిమిది మీద రెండొందల గ్రాములు చూపించింది.

పదహారు కిలోలు! వాళ్ళింట్లో, ఆవిడ పక్కన, రోజూ ఆవిడ కళ్ళ ముందు పదహారు కిలోల మనిషి కరిగిపోయాడు. వారానికి రెండుసార్లు నా ఎదురుగా, చెయ్యి చాస్తే తగిలేంత దూరంలో.

"నీకు తెలుసా?" అంది పిన్ని. "నీళ్ళు గట్టిపడలేదని నీకు తెలుసా?"

"గడకి తెలవదేంటే? ముప్పై ఏళ్ళ నుంచీ పొడుస్తన్నా. అవే నీళ్ళు."

"మరి చెప్పవేం? ఊరంతా పొంగళ్ళు వండిందే! నేను చీర పెట్టానే గంగమ్మకి! నోట్లో ఏం పెట్టుకున్నావయ్యా?"

"చెబితే నన్నెత్తుతావు. ఎత్తితే గడ దించాల," అన్నాడు. "క్యారేజీలో అన్నం చేపలకేసేవోణ్ణి. దిగేది కాదు పేరమ్మా. గంజి ఒక్కటే దిగేది. మందు మానింది కూడా అందుకే, మంట తట్టుకోలేక."

పిన్ని ఆయన్ని కొట్టింది. నిజంగానే, వీపు మీద రెండు దెబ్బలు. మూడో దెబ్బ వెయ్యబోయి, చేతికి ఎముకలు తగిలి, అక్కడే కూలబడి భోరుమంది. నేనూ ఏడ్చాను. ఏడుస్తూ నన్ను నేను తిట్టుకున్నాను. మూడు పట్టీల గ్యాస్ మాత్రలు ఇచ్చిన చెయ్యి నాది. ఆ చేత్తోనే ఊళ్ళో ప్రతివాడికీ బీపీ చూశాను, ఒక్క గడ పట్టినవాడికి తప్ప. ఆయన దోనెలో భాగం అనుకున్నాను, రోగమొచ్చే మనిషనుకోలేదు.

మర్నాడే విజయవాడ తీసుకెళ్ళాం. పెద్దాసుపత్రిలో గొట్టం వేసి చూసి, ముక్క పరీక్షకి పంపి, వారం తర్వాత చెప్పారు. అన్నం దిగే గొట్టంలో పుండు. చిన్నది కాదు. ఏడాది కిందట వచ్చుంటే కోసి తీసేసేవాళ్ళమన్నారు డాక్టరు గారు. "బరువు తగ్గుతుంటే ఇంట్లో ఎవరూ గమనించలేదా అమ్మా?" అని అడిగారు. ఆయన మంచివాడే, మామూలుగానే అడిగారు. పిన్ని తన రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని వాటినే చూస్తూ ఉండిపోయింది. నాకు ఆ గదిలోంచి పారిపోవాలనిపించింది.

రేడియేషన్ కరెంటు పెట్టారు, సూదులు ఎక్కించారు. గుణదలలో మా చుట్టాలింట్లో ఓ గది తీసుకుని రెండు నెలలున్నారు. ఊరికి తిరిగొచ్చాక పిన్ని మళ్ళీ రేవుకొచ్చింది. గడ ఇప్పుడు బాబాయి తమ్ముడి కొడుకు కోటి చేతిలో ఉంది. మొదటిరోజే ఆవిడ వాణ్ణి ఎత్తింది. వారం తిరక్కుండా మళ్ళీ ఎత్తింది. ఊళ్ళో పెద్దవాళ్ళు గొణిగారు. "ఆచారం పాటించి నేను బావుకుంది చాలు. నోర్మూసుకుని వరసలో నిలబడండి" అంది. నిలబడ్డారు.

నెల నెలా మొదటి సోమవారం నేను వాళ్ళింటికి మిషను తీసుకెళ్తాను. ఆసుపత్రివాళ్ళకి బాబాయి బరువు రాసి పంపాలి. ఆయన మంచం మీదే ఉంటాడు. తనంతట తను మిషను ఎక్కలేడు, కిందికి వంగి అంకె చూసుకోలేడు. పిన్నే ఎత్తి నిలబెడుతుంది. ఎత్తగానే అంకె చెబుతుంది, నేను మిషను చూసి రాస్తాను. మే నెలలో నలభై ఏడు. జూన్‌లో నలభై అయిదు. రెండూ సరిగ్గా సరిపోయాయి. నలభై అయిదన్న రోజు బాబాయి ఆ పూటంతా గోడ వైపు తిరిగి పడుకున్నాడట, గంజి కూడా ముట్టలేదట.

మొన్న సోమవారం వెళ్ళాను. పిన్ని ఆయన్ని మంచం మీంచి లేపింది. ఈసారి రెండు చేతులూ అక్కర్లేదేమో అన్నట్టు అంత తేలిగ్గా లేచాడాయన. మిషను మీద నిలబెట్టి, వెనకనుంచి నడుం పట్టుకుని, రేవులో అరిచినంత గట్టిగా అరిచింది.

"నలభై ఆరు! కిలో పెరిగాడు నర్సమ్మా!"

నేను కిందికి చూశాను. నలభై మూడు.

ఆరేళ్ళలో అర కిలో తేడా రాని చేతులు. బ్యాటరీ పోయిందేమోనని మళ్ళీ చూశాను. నలభై మూడే. తలెత్తి పిన్ని వైపు చూశాను. ఆయన భుజం మీంచి ఆవిడ నన్నే చూస్తోంది. గడ్డం వణుకుతోంది. రెప్ప వెయ్యడం లేదు. అప్పుడు తెలిసింది నాకు, ఎత్తిన క్షణంలోనే ఆవిడకి నలభై మూడని తెలుసు.

"నీ మిషనేమంటంది నర్సమ్మా?" అన్నాడు బాబాయి. చాలా రోజుల తర్వాత ఆయన మొహంలో కొంచెం వెలుగు వచ్చింది.

నా చేతిలో పుస్తకం ఉంది. అందులో నలభై మూడని రాశాను.

"నలభై ఆరే బాబాయ్," అన్నాను. "పిన్ని చేతులు ఎప్పుడన్నా తప్పాయా?"